చుట్ట కాలిన దుప్పటి

హలో… హలో… ఆఁ, నేనేనండీ, కృపానందాన్ని… డిప్యూటీ తాసిల్దారు, సబ్‌జైలు సూపర్నెంటు కృపానందాన్నే… కొంచెం గట్టిగా చెప్పండి, లైన్లో ఒకటే హోరు…

ఆ, ఇప్పుడు వినపడుతోంది. నమస్కారమండీ వెంకటసుబ్బారావు గారూ. బెజవాడ నుంచేనా?… ఓహో, జైళ్ళు చూసే కమిటీ వాళ్ళు దిగిన బంగళా నుంచేనా. అందరూ కులాసాయేనా?… భోజనాలయ్యాయా?… సంతోషం.

లారీయా?… వచ్చిందండీ. పొద్దున్నే వచ్చింది. సబ్‌జైలు గేటు ముందే నిలబడి ఉంది. ఈ కిటికీలోంచి కనపడుతూనే ఉంది… లేదు, ఇంకా బయల్దేరలేదు… డ్రైవరు కాఫీ తాగొస్తానని సెంటర్లోకి వెళ్ళాడు…

అది కాదండీ. అసలు లారీ ఎందుకొచ్చిందో నాకర్థం కాలేదు. చూస్తే ఖాళీ లారీ. డ్రైవర్ని అడిగితే, దుప్పట్లు ఎక్కించుకు రమ్మన్నారండీ అన్నాడు. వేరే ఊరు వెళ్ళవలసినవాడు మా ఊరొచ్చాడేమో అనుకుని ఆపాను. మీ ఫోను కోసమే కూర్చున్నా—

ఏమిటి?…

ఏ దుప్పట్లు?… మొన్న కమిటీ వస్తోందని పంపినవేనా?…

అన్నీనా?…

లేదులెండి, వినపడింది. బాగానే వినపడింది… రేపు పొద్దున కమిటీ ఏటవతలి జైలుకి వెళ్తుంది. ఈలోపల ఇవి అక్కడ పరిచి ఉండాలి… తెలిసిందండీ. మొన్న మా దగ్గర, రేపు వాళ్ళ దగ్గర. పెళ్ళిళ్ళకి తిరిగే అద్దె గుండిగల్లాగా… నవ్వడం లేదండీ. నాకు నవ్వు రావడం లేదు.

అవి మా జైలుకి ఇచ్చేశారనుకున్నామండీ… ఎవరూ చెప్పలేదు. మళ్ళీ తీసుకుంటామని మీరు చెప్పలేదు, తీసుకుంటారా అని నేనూ అడగలేదు… ఎందుకడగలేదంటే… అడిగితే అవునంటారేమోనని. అంతకంటే ఏం లేదు.

గోనెలా?… వాళ్ళు ఇదివరకు పడుకునే గోనెపట్టాలా… లేవండీ.

లేవు. తగలబెట్టించాను…

మీరే కదండీ, కమిటీ వచ్చేనాటికి ఒక్క గోనె కంటపడకూడదన్నారు… నిజమే, అటక మీద దాయమన్నారు. దాయమనే అన్నారు. కొత్త దుప్పట్లు వచ్చాక ఆ పేలు పట్టిన గోనెలు దేనికని, జైలు వాకిట్లో పోగేసి అంటించమన్నాను. ఖైదీలే ఒకళ్ళనొకళ్ళు తోసుకుంటూ తెచ్చి వేశారు. ఈ ఏడు భోగి ముందే వచ్చిందని ఒకటే నవ్వులు. వాళ్ళతోపాటు నేనూ నవ్వాను… ఆ నవ్వు ఇప్పుడు గుర్తొస్తుంటే ఒళ్ళంతా కుంచించుకుపోతోంది.

ఇంకేమున్నాయండీ. ఉత్త నేల. వెనకనే కాలవ, మీరు చూశారుగా. గచ్చు పెచ్చులూడిపోయింది, పొద్దుగుంకితే చెమ్మ పైకి ఊరుతుంది. గది చాలక సగం మంది పడుకుంటే సగం మంది గోడకి చేరగిలి కూర్చుంటారు. తర్వాత వాళ్ళు లేచి వీళ్ళకి చోటిస్తారు. క్రిస్మస్ దగ్గరికొచ్చింది, చలి ఎలా ఉందో మీకు నేను చెప్పాలా…

గడ్డి పరవమంటారా… కోతలయ్యాయి, గడ్డికేం కరువు లేదు. కాని నిప్పు భయం, లోపలికి పరక కూడా రానివ్వద్దని మీ ఆఫీసు నుంచే కాగితం వచ్చింది కదండీ… అవును, ఆ ఆర్డరు అలా, ఈ మాట ఇలా. అలాగే ఉంటుంది.

సగం ఉంచుకోనివ్వండి… పోనీ ముసలివాళ్ళ వరకు… ఆహా, మనిషికొకటి చొప్పున కనపడాలా…

మీకు గుర్తుందో లేదో. జై ఆంధ్ర గొడవలప్పుడు కాలేజీ కుర్రాళ్ళని తెచ్చి ఇదే జైల్లో పెట్టారు. అప్పుడు ఎన్ని పరుపులొచ్చాయండీ. కంకిపాడు నుంచి క్యారియర్లు, పామర్రు నుంచి బిందెల్తో పాలు. కరెంటాఫీసు వాళ్ళొచ్చి ఫాను కూడా బిగించారు. పెద్దింటి పిల్లలు లోపలున్నన్నాళ్ళూ జైలు జైలులా లేదు. వాళ్ళు విడుదలైన రోజున అన్నీ బండెక్కి వెళ్ళిపోయాయి. ఫాను కొక్కెం ఒక్కటే మిగిలింది పైన. ఇప్పటికీ ఉంది… మీ మీద నిష్ఠూరం కాదండీ. ఏదో చెప్పాను.

ఆ… ఆ…

తెలుసండీ. నా ట్రాన్స్‌ఫరు ఫైలు మీ బల్ల మీదే ఉందని తెలుసు… మా ఆవిడ అమలమ్మ అక్కడ బెజవాడ స్కూల్లో, నేనిక్కడ చెయ్యి కాల్చుకుంటూ… మీరు మాటిచ్చారు, మరిచిపోలేదు… ఎదురు చెప్పడం కాదండీ, అంతవాణ్ణా… ఆ… నా ఉద్దేశం అది కాదు…

సరే.

సరేనండీ. పంపించేస్తాను.

ఇప్పుడే ఎక్కిస్తాను…

ఏం లేదండీ. ఎంత తేలిగ్గా అనేశానా అని. ప్రతి ఆదివారం గుళ్ళో, చెరలో ఉన్నవాళ్ళ కోసం ప్రార్థన చేసేది నేనే. జైలు చూసేవాడివి, నీకే తెలుస్తుందయ్యా అని పాదిరిగారు నాచేతే చేయిస్తారు. ఈ ఆదివారం ఏ మొహంతో లేచి నిలబడాలో… లేదులెండి. మీకెందుకు, ఆ గొడవ నాది.

ఎవరు?… ఆపరేటరా?… టైమైపోయిందంటున్నారండీ… ఆ, పొడిగించమని మీరే చెప్పండి.

ఒక్క నిమిషం, లైన్లోనే ఉండండి. మా హెడ్ వార్డరు వచ్చాడు— ఏం జీవరత్నం?… నేనింకా చెప్పలేదే. ఎవరు తియ్యమన్నారు?… వాళ్ళే తీశారా… ఎవరూ ఏమీ అనలేదా?… ఒక్కళ్ళు కూడానా?… సరే, ఉండు.

హలో, వెంకటసుబ్బారావు గారూ. ఇక ఎక్కించడమే ఆలస్యమండీ. ఖాళీ లారీ వచ్చి ఆగడం కటకటాల్లోంచి చూశారట. ఎవరూ చెప్పకుండానే దుప్పట్లు మడతపెట్టి గుమ్మం దగ్గర పేర్చేశారు. అంచుకి అంచు కలిపి మరీ… అవును, గొడవ లేకుండా పోయింది. మంచిదే… నాకైతే వాళ్ళు గొడవ చేసినా బాగుండుననిపిస్తోంది. నాలుగు తిట్టినా బాగుండును.

ఎందుకా… వాళ్ళకి చెప్పింది నేనే కదండీ. కమిటీ అమ్మగారొచ్చి అడిగితే దుప్పట్లు బాగున్నాయని చెప్పండిరా, పెద్దల ముందు మెచ్చుకున్న వస్తువుని మళ్ళీ ఎవరూ వెనక్కి తీసుకెళ్ళరు, మీకే ఉండిపోతాయి అన్నాను. నేనూ అదే నమ్మాను. చదువుకున్నవాడు చెబుతున్నాడని వాళ్ళూ నమ్మారు. అందుకే అంత గట్టిగా మెచ్చుకున్నారు. మీరు మా తర్ఫీదు బాగుందని నా వీపు తట్టారు చూడండి, అది తర్ఫీదు కాదు. ఆశ.

ఆ ముసలాడా?… జక్కయ్యని. ఎవరిదో కుప్పలోంచి నాలుగు పనలు లాగాడని పట్టుకొచ్చారు. కేసు తెమలదు. జామీనుకి మనిషి లేడు. వాయిదాకి తీసుకెళ్దామంటే ఎస్కార్టుకి పోలీసులుండరు. నేరం రుజువైనా ఇంతకాలం శిక్ష పడేది కాదు… ఆ, వాడే. దుప్పటి భుజాన వేసుకొచ్చి, మా సూపర్నెంటు బాబు మమ్మల్ని కడుపులో పెట్టుకుని చూస్తున్నాడు తల్లీ అన్నది వాడే.

చిరుగులా?… లేవండీ. శుభ్రంగానే ఉన్నాయి. ఒకదానికి మాత్రం మూలన చుట్ట కాలిన చిల్లు… రెండు వేళ్ళు పట్టేంత… ఆ జక్కయ్యదే. చుట్ట నోట్లో ఉండగానే నిద్ర పట్టేసిందట. వెచ్చగా ఉండేసరికి కన్ను మూతపడింది బాబూ అని చెప్పుకుని సిగ్గుపడ్డాడు… జైల్లోకి చుట్ట ఎలా వచ్చిందంటే ఏం చెప్పనండీ. అన్నీ వచ్చినట్టే వచ్చింది… తప్పేనండీ… అడుగున పెట్టించమంటారా… సరే. చిల్లు మడత లోపలికి పోయేట్టు— జీవరత్నం, ఆ చిల్లుది అన్నిటికంటే అడుగున పడేట్టు సర్దు. దాచిన చెయ్యి కనపడకూడదు, చిల్లు కనపడకూడదు. వెళ్ళు— చెప్పానండీ.

ఎవరూ?… జ్ఞానప్రసూనాంబ గారా… కమిటీ అమ్మగారికి నాతో ఏం పనండీ?… మెచ్చుకుంటారా. వద్దండీ, నేను లేనని చెప్పండి… మీ పక్కనే ఉన్నారా… సరే, ఇవ్వండి… ఎత్తను. దుప్పట్ల సంగతి ఎందుకెత్తుతానండీ, నాకా బుద్ధి లేదూ.

…

నమస్కారం అమ్మగారూ… ఆ, నేనే… మీ దయవల్ల బాగానే ఉన్నానమ్మా…

అంత మాటెందుకమ్మా. నేనేం చేశాను… ఆదర్శమా?… మా జైలా?… అలా రాయకండమ్మా… వినయం కాదు. నిజంగానే వద్దంటున్నాను… నేను అసలు జైలు మనిషినే కాదమ్మా. తాలూకా ఆఫీసులో పొలాల లెక్కలు, అడంగళ్ళు చూసుకునేవాణ్ణి. జైలు కూడా పక్కనే ఉంది కదా అని తాళాలు నా నడుముకి తగిలించారు. మంచి చేసినా చెడు చేసినా, నాకు తెలిసి చేసింది తక్కువ.

ఆ… మిగతా చోట్ల అలా ఉందా… చిన్న చిన్న గదుల్లో… గోనెల మీద… అవునమ్మా, గోనెల్లో పేలు పడతాయి. గోకి గోకి పుళ్ళవుతాయి… నాకెలా తెలుసంటే… విన్నానమ్మా.

ఏమిటి?… కొట్టేశారా?…

గవర్నమెంటుకి పంపే సిఫార్సుల్లోంచా… పక్కబట్టలు కావాలన్న చోట మా జైలు పేరు కొట్టేశారా…

అవునమ్మా. అందరికీ అడిగితే ఎవరికీ రావు. లేనివాళ్ళకి ముందు అడగాలి… న్యాయమే. ఉన్నవాళ్ళకెందుకు… ఆ… మాకున్నాయి కదా.

లేదమ్మా, లైను పోలేదు. ఉన్నాను, చెప్పండి.

ఎవరమ్మా?… జక్కయ్యా?… ఉన్నాడు. బాగానే ఉన్నాడు… ఇక్కడే, కిటికీకి ఎదురుగానే కనపడుతున్నాడు… ఏం చేస్తున్నాడంటే… దుప్పట్లు మోస్తున్నాడమ్మా…

ఎండలో వెయ్యడానికా?… ఆ… ఎండ… ఎండ బాగానే ఉందమ్మా ఇవాళ.

మాట్లాడతారా?… ఆయనతోనా?… ఎందుకమ్మా, ఆయనకి ఫోను అలవాటు లేదు… మీరు అంతగా అడుగుతుంటే… సరేనమ్మా. ఉండండి.

జక్కయ్యా. ఓ జక్కయ్యా. ఇలా లోపలికి రా… నిన్నేనయ్యా. ఆ మోపు కింద పెట్టు… కింద పెట్టి రమ్మంటున్నానా… పోనీ, అలాగే రా. మొన్నొచ్చిన అమ్మగారు నీతో మాట్లాడతారట. ఇదిగో, ఇది చెవి దగ్గర, ఇది నోటి దగ్గర. కరవదులే… నా కేసి చూడకు. గోడ కేసి తిరుగు. ఆవిడ ఏమడిగితే దానికి ఉన్నది ఉన్నట్టు చెప్పు. నిన్ను నేనేమీ అనను… నిజంగానేనయ్యా. ఏమీ అనను.

…

…

…

అయిందా?… ఇలా ఇవ్వు.

హలో. ఆఁ, నేనేనమ్మా… విన్నాను. పక్కనే నిలబడి విన్నాను… అవును. రాత్రిళ్ళు వెచ్చగా నిద్రపడుతోందన్నాడు. సూపర్నెంటు బాబు పిల్లాపాపల్తో చల్లగా ఉండాలన్నాడు. మీరు మళ్ళీ రావాలన్నాడు…

ఎవరూ చెప్పించలేదమ్మా. ఉన్నది చెప్పమనే చెప్పాను. నా మొహం చూడద్దని కూడా చెప్పాను. గోడ కేసి తిరిగి కూడా అదే చెప్పాడు… మొన్న మీకు చెప్పాడంటే ఆశపడి చెప్పాడు. ఇవాళ ఆశ లేదు, అయినా చెప్పాడు. నన్ను కాచడానికి చెప్పాడమ్మా. నాకది…

ఏం లేదమ్మా. ఏం లేదు…

అమ్మా, ఒక్క మాట. వెంకటసుబ్బారావు గారు మీ పక్కనే ఉన్నారా?… వరండాలోకి వెళ్ళారా. లారీ కోసం చూస్తున్నారేమో… ఏ లారీనా… చెబుతాను.

రేపు మీరు ఏటవతలి జైలుకి వెళ్తారు కదా. అక్కడ కూడా మీకు దుప్పట్లు కనపడతాయి. కొత్తవి. మనిషికొకటి… ఉంటాయమ్మా. మా దగ్గరున్నట్టే ఉంటాయి. మీరు మడతలు చూసి వచ్చెయ్యకండి. ఒక్కొక్కటీ విప్పించి చూడండి…

ఎందుకంటే, వాటిలో ఒకదానికి మూలన చుట్ట కాలిన చిల్లుంటుంది. మీ రెండు వేళ్ళు పెడితే సరిపోతుంది…

అది మా జక్కయ్యదమ్మా.

…

మొన్న మీరు ఇక్కడ చూసినవేనమ్మా అవి.

అవునమ్మా…

అవును. ఇప్పుడు ఆయన భుజం మీదున్నవి అవే…

ఎండకి కాదమ్మా.

గోనెలు కూడా లేవు. నేనే కాల్పించాను… నన్నేమీ అడగకండి. ఇంతకంటే నా నోటితో చెప్పలేను, సిగ్గుతో చచ్చిపోతున్నాను. ఆయన ఇంకా ఇక్కడే నిలబడి ఉన్నాడు… ఆ కొట్టేసిన పేరు ఒక్కటి. రేపు ఆ చిల్లు చూశాక, మళ్ళీ రాయాలనిపిస్తే రాయండి… నాకా?… నాకేమవుతుందమ్మా. మహా అయితే ఇక్కడే ఉంటాను. వీళ్ళు ఉండటం లేదూ.

ఆ… ఆయనొచ్చారా, ఇవ్వండమ్మా. మాట్లాడతాను.

…

హలో… ఆఁ, వెంకటసుబ్బారావు గారూ… ఏమీ లేదండీ. జక్కయ్య ఎలా పడుకుంటున్నాడని అడిగారు. ఆయనే ఫోన్లో చెప్పాడు, వెచ్చగా ఉందని… అంతే… కుర్చీలో అలా కూర్చుండిపోయారా? నాకేం తెలుసండీ. ప్రయాణాల బడలికేమో. మంచినీళ్ళిప్పించండి…

ఎక్కించేస్తున్నారండీ. డ్రైవరు కూడా వచ్చాడు. చీకటి పడకుండా బ్యారేజీ దాటేస్తాడు… చిల్లుదా?… చెప్పాను కదండీ, ఎలా పెట్టాలో నాకు తెలుసు… ట్రాన్స్‌ఫరు సంగతి మీ ఇష్టమండీ. తొందరేం లేదు… లేదు, కోపం కాదు. కోపానికి నాకేం హక్కుంది… ఉంటానండీ. నమస్కారం.

…

జీవరత్నం, మీటింగు హాల్లో జంపఖానా ఉంది చూడు, అది చుట్టి తీసుకెళ్ళి లోపల పరిపించు. తాసిల్దారు గారు అడిగితే నా పేరు చెప్పు… చాలదని నాకూ తెలుసు. ముసలివాళ్ళకి ముందు… జక్కయ్యా, ఆ మోపు జీవరత్నానికిచ్చి నువ్వు లోపలికెళ్ళు. కోప్పడటం లేదయ్యా. నువ్వలా ఎదురుగా నిలబడితే నేను తల ఎత్తలేకపోతున్నాను.

ఆగు జీవరత్నం. ఆ చిల్లుది అడుగునుంచి లాగి పైన పెట్టు. చిల్లు బయటికుండాలి.